ఏడు మెట్లు

సభకు నమస్కారం. వేదిక మీది పెద్దల పేర్లన్నీ చదివితే నాకిచ్చిన పది నిమిషాలూ వాటికే సరిపోతాయి, మన్నించండి.

పాటలో హాస్యం గురించి మాట్లాడమన్నారు. లండన్‌లో మైకేల్ ఫ్లాండర్స్, డొనాల్డ్ స్వాన్ అని ఒక జంట ఉండేది. ఒకే బడిలో చదివారు. ఫ్లాండర్స్ పాట రాస్తే స్వాన్ బాణీ కట్టి పియానో వాయించేవాడు. 1956 డిసెంబర్ 31న చిన్న థియేటర్లో మొదలుపెట్టారు. స్టేజీ మీద ఇద్దరే, ఒక పియానో. కొద్ది వారాలకే ఫార్చ్యూన్ థియేటర్‌కు మారి, 1959 దాకా ఆడారు. తర్వాత అమెరికా వెళ్లారు, టీవీలోనూ కనిపించారు. బురదలో పొర్లే నీటిగుర్రం పాట వస్తే హాలంతా పల్లవి అందుకునేది.

ఆ ఫ్లాండర్స్‌కు 1943లో, నేవీలో ఉండగా, పోలియో వచ్చింది. అన్ని ప్రదర్శనలూ చక్రాల కుర్చీలోంచే ఇచ్చాడు.

నేను చెప్పాలని వచ్చింది ఇదే. నా జతగాడిదీ చక్రాల కుర్చీయే. ముప్పై ఏళ్లు నేను హార్మోనియం, వాడు పేరడీలు. కుర్చీ చక్రం కిర్రుమంటే, "శ్రుతి కలిసింది, కానీయరా" అనేవాడు. జనం ఈలలు.

ఒక ఊళ్లో హాలు, పేరెందుకులెండి. వేదికకు ఏడు మెట్లు. నలుగురు కుర్రాళ్లు వాణ్ని కుర్చీతో సహా ఎత్తారు. నాలుగో మెట్టు మీద కుర్చీ ఒరిగింది. వాడు నా భుజం పట్టుకున్నాడు, గోళ్లు దిగాయి. పైకెక్కాక గొంతు పెగల్లేదు. పది నిమిషాలు నేనొక్కణ్నే వాయించాను. తిరిగొచ్చేటప్పుడు కార్లో, "ఇక టీవీ వాళ్లు పిలిస్తేనే వస్తానురా, స్టూడియోలో మెట్లుండవు" అన్నాడు. అన్నట్టే స్టేజీ మానేశాడు.

ఏడు మెట్లండీ! ఒక కళాకారుణ్ని ఇంట్లో కూర్చోబెట్టడానికి ఏడు మెట్లు చాలు. 2016లో వికలాంగుల హక్కుల చట్టం వచ్చింది. పాత ప్రజా భవనాలను కూడా ఐదేళ్లలోగా సరిచేయాలన్నారు. ఆ గడువు దాటిపోయింది. ఏ హాల్లో పాడటానికి వెళ్లినా నేను ముందు మెట్లే లెక్కపెడుతున్నాను.

వెనక వరసలో ఉన్నవాళ్లు కూడా ఒక్కసారి ఇటు చూడండి. ఈ వేదికకు ఐదు. ఇందాక ఎక్కుతూ లెక్కపెట్టాను.

కార్యదర్శిగారూ, వచ్చే వార్షికోత్సవానికి ఈ పక్కన చెక్కతోనైనా ర్యాంపు వేయించండి. నా వంతు డబ్బు ఇదిగో, ఈ కవర్లో ఉంది. వాణ్ని తీసుకొచ్చే పూచీ నాది.