గడ్డితో మోకులు పేనే సీమ

సభలో ఉన్న పెద్దలకు, పిల్లలకు నమస్కారం.

మ్యాప్‌లో నెల్లూరు మీద వేలు పెట్టండి. భూమధ్యరేఖకు ఉత్తరాన సుమారు 14 డిగ్రీలు. ఇప్పుడు దక్షిణాన అదే 14 డిగ్రీల దగ్గర, దక్షిణ అమెరికాలోని పెరూ దేశాన్ని చూడండి. అక్కడ కుస్కో ప్రాంతంలో కానస్ అనే ప్రావిన్సు ఉంది. మన జిల్లా లాంటిదే అనుకోండి. భూమధ్యరేఖ నుంచి రెండూ దాదాపు ఒకే దూరం. కానీ నెల్లూరులో మే నెల మధ్యాహ్నం బయట అడుగు పెట్టలేం, కానస్‌లో జూన్ రాత్రి బయట పెట్టిన నీళ్లు తెల్లారేసరికి గడ్డకట్టి ఉంటాయి. తేడా అంతా ఎత్తుది. అక్కడి ముఖ్యపట్టణం యానావోకా సుమారు 3,900 మీటర్ల ఎత్తున ఉంది. లేహ్ పట్టణమే 3,500. మన తూర్పు కనుమల్లో ఎంత ఎత్తైన కొండైనా 1,700 మీటర్లు దాటదు. లడఖ్ వెళ్లొచ్చినవాళ్లకు మొదటిరోజు తలనొప్పి గుర్తుండే ఉంటుంది. కానస్‌లో గాలి ఒత్తిడి సముద్రతీరంతో పోలిస్తే 60 శాతం పైచిలుకు మాత్రమే. నీళ్లు 87 డిగ్రీల దగ్గరే మరిగిపోతాయి కాబట్టి గింజలు ఓ పట్టాన ఉడకవు.

అక్కడ చెట్లు చాలా తక్కువ. కొండల నిండా ఇచు అనే గరుకు గడ్డి, ఒంటె జాతి లామాలు, అల్పాకాలు, గొర్రెలు, లోతైన లోయలో అపురిమాక్ నది. అక్కడివాళ్ల భాష క్వెచువాలో ఆ పేరుకు అర్థం ‘మాట్లాడే దొర’. ‘అపు’ అంటే దొర, కొండదేవర కూడా. ఇంత చలిలో, ఈ గడ్డి మధ్య మనుషులు ఏం చేసుకుని బతుకుతారు అని పాఠం చెప్పినప్పుడల్లా పిల్లలు అడిగేవారు. ఆ చలితోనే, ఆ గడ్డితోనే బతుకుతారు అని చెప్పడానికే ఈ రోజు మీ ముందుకు వచ్చాను.

ముందు చలి సంగతి. జూన్‌లో ఆకాశం తేటగా ఉండి రాత్రిళ్లు మంచు గట్టిగా పడుతుంది. అప్పుడు ఎత్తు పొలాల్లో పండిన చిన్న బంగాళదుంపల్ని గడ్డి మీద పలచగా పరుస్తారు. వాటిలో చాలా రకాలు చేదు, అలాగే తింటే ఒంటికి పడవు. రాత్రి దుంప రాయిలా బిగుస్తుంది. పొద్దున ఎండకు మెత్తబడుతుంది. అప్పుడు కుటుంబమంతా వట్టి కాళ్లతో వాటిని తొక్కుతారు. కాలి కింద నీరు చిమ్ముతుంది, తొక్క ఊడుతుంది. కొన్ని రాత్రులు, కొన్ని పగళ్లు ఇలా గడిచాక చేతిలో మిగిలేది బెండులా తేలికైన నల్లటి దుంప. దాన్ని చూన్యో అంటారు. ఏళ్ల తరబడి పాడవదు. కరెంటు, మెషీను ఏమీ లేకుండా ఫ్రీజ్ డ్రై చేయడం వందల ఏళ్ల కిందటే వీళ్లకు చేతనయింది. ఈ మాట కాస్త ఆగి ఆలోచించండి. మనం బంగాళదుంప అన్నా, ఆలుగడ్డ అన్నా, ఉర్లగడ్డ అన్నా, దాన్ని మొదట సాగుచేసింది ఈ ఆండీస్ కొండల రైతుల పూర్వీకులే.

ఇక గడ్డి. కానస్‌లోని కెవే అనే చోట అపురిమాక్ మీద కెస్వాచాకా అనే వంతెన ఉంది. పొడవు సుమారు 28 మీటర్లు. మోకులన్నీ గడ్డివే. స్పెయిన్‌వాళ్లు రాకముందు ఈ సీమను ఏలిన ‘ఇంకా’ రాజుల పెద్ద దారుల్లో ఇలాంటివి ఎన్నో ఉండేవి. ఏటా జూన్‌లో చుట్టుపక్కల నాలుగు ఊళ్లవాళ్లు కలిసి దీన్ని కొత్తగా కడతారు. ప్రతి ఇంటివాళ్లూ గడ్డి కోసుకుని రావాలి. దాన్ని నీళ్లలో నానబెట్టి, రాళ్లతో కొట్టి మెత్తబరుస్తారు. ఆడవాళ్లు అరచేతుల మధ్య పురిపెట్టి సన్నతాళ్లు పేనుతారు. మగవాళ్లు ఆ తాళ్లను కట్టలు కట్టలుగా కలిపి, జడ అల్లినట్టు తొడంత లావు మోకులు అల్లుతారు. నడవడానికి కింద నాలుగు మోకులు, పట్టుకోవడానికి పక్కల రెండు. పాత వంతెనను కోసి నదిలోకి వదిలేస్తారు. అదీ గడ్డే కాబట్టి నీళ్లలో కలిసిపోతుంది. పని మొదలయ్యేముందు పూజారి నేలతల్లి పాచమామాకు, కొండదేవరలకు నైవేద్యం పెడతాడు. మూడు రోజుల్లో పని అయిపోతుంది, నాలుగో రోజు పండగ.

దగ్గర్లోనే ఇనుప వంతెన ఉంది, బండ్లు దాని మీదే పోతాయి. మరి ఎందుకింత శ్రమ? వాళ్ల భాషలో ‘ఐని’ అనే మాట ఉంది. ఈ రోజు నా చేలో నువ్వు, రేపు నీ చేలో నేను. మన పల్లెల్లో నాట్లప్పుడు బదులుకు పోయేవాళ్లం, అదే పద్ధతి. ఆ భాషలో ఇంకో సంగతి నన్ను బాగా కట్టిపడేసింది. ఇంగ్లిషుకు, స్పానిష్‌కు లేని తేడా మనకుంది కదా, మనం వేరు, మేము వేరు. క్వెచువాకూ ఉంది. వినేవాణ్ని కలుపుకుంటే ‘న్యొకంచిస్’, కలుపుకోకపోతే ‘న్యొకాయ్కు’. క్రియ వాక్యం చివర రావడం, పదానికి ప్రత్యయాలు తగిలించుకుంటూ పోవడం కూడా మనలాగే. రెండు భాషలకూ చుట్టరికం ఏమీ లేదు. అయినా మనవాళ్లకు ఆ భాష చెవిన పడితే పరాయిగా ఉండదని నా నమ్మకం.

ఆ భాషను అణచాలని చూసిన చరిత్ర కూడా ఇక్కడిదే. కానస్‌లోని సురిమానాలో 1738లో పుట్టిన హోసే గాబ్రియేల్ కొండోర్కాంకి, రెండో తుపాక్ అమారుగా పేరుపడ్డాడు. కంచరగాడిదల మీద సరుకు రవాణా చేసేవాడు, ఊళ్లకు పెద్ద. స్పెయిన్ పాలనలోని అధికారులు అక్కర్లేని సరుకు జనానికి బలవంతంగా అంటగట్టడం, మనుషుల్ని పొతోసి వెండి గనులకు తోలడం చూసి సహించలేక 1780 నవంబరులో తిరగబడ్డాడు. 1781 మే 18న కుస్కో నడిబొడ్డున అతన్నీ, భార్య మికాయెలా బాస్తిదాస్‌నూ ఘోరంగా చంపారు. శిక్ష ప్రకటించిన పత్రంలోనే ‘ఇంకా’ల నాటి దుస్తులు వేసుకోకూడదని, జనం స్పానిష్ నేర్చుకోవాలని రాశారు. పెరూలో క్వెచువాకు అధికార భాష హోదా రావడానికి 1975 దాకా ఆగాల్సి వచ్చింది. 2017 జనాభా లెక్కల్లో సుమారు 38 లక్షల మంది దాన్ని తల్లిభాషగా రాయించుకున్నారు.

కెస్వాచాకాను కట్టే విద్యకు, ఆచారాలకు 2013లో యునెస్కో గుర్తింపు వచ్చింది. కోవిడ్ వచ్చిన 2020లో నలుగురూ గుమిగూడే వీలు లేక వంతెన కొత్తగా కట్టలేదు. గడ్డికి ఆయుష్షు తక్కువ. 2021 మార్చిలో అది తెగి నదిలో పడిపోయింది. జూన్‌లో నాలుగు ఊళ్లవాళ్లూ మళ్లీ గడ్డి కోసుకొచ్చారు. ముందు ఈ గట్టు నుంచి ఆ గట్టుకు ఒక సన్నతాడు అందించి, దానికి కట్టి మోకుల్ని ఒక్కొక్కటే లాగారు. ఆ తర్వాత కట్టడం తెలిసిన మనుషులు ఆ మోకుల మీద కూర్చుని, కింద నది హోరుమంటుంటే, పక్క తాళ్లు అల్లుకుంటూ రెండు గట్ల నుంచీ ముందుకు జరుగుతూ నడిమధ్యలో కలుసుకున్నారు.