నెల్లూరు నుంచి మద్రాసు పెద్దాసుపత్రికి పోతుంటే ఈ కవరు సర్దుకోండి

అందరికీ నమస్కారం. ఇదిగో, నా చేతిలో ఉండే ఈ ప్లాస్టిక్ కవరు చూడండి. మా పెద్దమ్మది. మూడేళ్ళ కాయితాలు ఇందులోనే ఉండాయి. స్కానింగ్ ఫిలింని నాలుగు మడతలు పెట్టి, మందుల చీటీలు గుండుసూదితో గుచ్చి, రక్తపరీక్ష రిపోర్టులో తాంబూలం కట్టి మరీ తీసుకొచ్చారు. ఇట్టాంటి కవరుతో డాక్టరు ముందు కూర్చుంటే, ఆయన మనకిచ్చే అయిదు నిమిషాల్లో మూడు నిమిషాలు వెతుక్కోవడానికే పోతాయి. ఈరోజు ఈ కవరుని మీ ముందే సర్దుతాను. సర్దుతా సర్దుతా ఆ ఆసుపత్రి సంగతులు కూడా చెప్తాను.

ముందు ఒక్క మాట, ఇది మాత్రం గట్టిగా వినండి. గుండెల్లో నొప్పి, మూతి వంకరపోవడం, ఒక చెయ్యి పడిపోవడం, మాట తడబడటం... వీటికి మద్రాసు ప్రయాణం పెట్టుకోవద్దు. రైల్లో పోయినా మూడు గంటల దారి. పక్షవాతానికి రక్తపు గడ్డ కరిగించే ఇంజెక్షను మొదటి నాలుగున్నర గంటల్లోపే పడాలి. గుండెపోటులో ప్రతి నిమిషం గుండె కండరం చచ్చిపోతా ఉంటుంది. వెంటనే 108కి ఫోన్ చేసి దగ్గర్లో ఉండే పెద్దాసుపత్రికి పోండి. మన దర్గామిట్టలో సర్వజన ఆసుపత్రి ఉంది కదా, మన పెద్దోళ్ళు ఇప్పటికీ డీఎస్సార్ ఆసుపత్రి అనే అంటారు, దొడ్ల సుబ్బారెడ్డి గారి పేరు. 2014లో దానికి ఏసీ సుబ్బారెడ్డి ప్రభుత్వ వైద్య కళాశాల కూడా తోడైంది. మద్రాసు పోవాల్సిన జబ్బయినా ముందు ఇక్కడ చూపించి, పంపిస్తున్నామని ఒక ఉత్తరం రాయించుకుంటే అక్కడ పని చాలా సులువవుతుంది.

సరే, కవరు తెరుస్తుండా. మొదట తేదీల ప్రకారం పేర్చాలి, కొత్తది పైన, పాతది అడుగున. ఫిలిములు మడవకుండా విడిగా అట్టపెట్టెలో. డిశ్చార్జి కాయితం ఉంటే అన్నిటికన్నా పైన. ప్రతిదానికీ రెండు జెరాక్సులు. అసలు కాయితం ఎవరికిచ్చినా, తిరిగి చేతికొచ్చిందాకా అక్కడినించి కదలొద్దు.

ఇప్పుడు ఆసుపత్రి గురించి. సెంట్రల్ స్టేషన్‌లో దిగి రోడ్డు దాటితే ఎదురుగా ఉండేదే. 2011 నుంచి రాజీవ్ గాంధీ పేరు పెట్టారు గానీ, ఆటోవాళ్ళకి జీహెచ్, అంటే జనరల్ హాస్పిటల్, అంటేనే తెలుస్తుంది. 1664 నవంబరు 16న మొదలైంది. అప్పుడది ఈస్టిండియా కంపెనీ సైనికులకి వైద్యం చేసే చిన్న ఆసుపత్రి, సెంట్ జార్జి కోటలో ఉండేది. ఇప్పుడుండే చోటికి 1772లో వచ్చింది. మనలాంటోళ్ళకి తలుపులు తెరిచింది 1842లో. అంటే 178 ఏళ్ళ తర్వాత! పక్కనే 1835లో వైద్య పాఠశాల పెట్టారు, అదే తర్వాత మద్రాస్ మెడికల్ కాలేజీ అయింది. 1875లోనే నలుగురు ఆడవాళ్ళని చేర్చుకున్న కాలేజీ అది. తర్వాత అక్కడే చదివిన ముత్తులక్ష్మి రెడ్డి గారి పూనికతో 1954లో అడయారు క్యాన్సర్ ఇన్‌స్టిట్యూట్ వచ్చింది. మన జిల్లాలో క్యాన్సర్ అనగానే 'అడయారు తీసకపోండి' అంటారే, ఆ అడయారు ఇదే. 1953 దాకా మనం కూడా మద్రాసు రాష్ట్రమే. అందుకే మా తాతల కాలంలో ఊళ్ళో పెద్దాసుపత్రి అంటే మద్రాసు జనరలాసుపత్రే.

అన్నీ ఒకేచోట ఉండవు, ఇది గుర్తుపెట్టుకోండి. గుండె, మెదడు, కిడ్నీ, పెద్ద ఆపరేషన్లు సెంట్రల్ ఎదురుగా. కళ్ళకి, కాన్పులకి, పిల్లలకి ఎగ్మూరు పోవాలి. ఎగ్మూరు కంటాసుపత్రి 1819 నాటిది.

ఓపీ చీటీ పొద్దున పూటే రాస్తారు. పినాకిని రైల్లో పోతే చేరేసరికి మధ్యాహ్నమవుతుంది, ఆ రోజు పోయినట్టే. ముందురోజు పోయి ఉండండి, లేకపోతే తెల్లవారకముందే బయల్దేరండి. డబ్బుల సంగతి: తమిళనాడు ముఖ్యమంత్రి బీమా అక్కడి రేషన్ కార్డు వాళ్ళకి, మన కార్డు దానికి చెల్లదు. మన ఎన్టీఆర్ వైద్యసేవ ఏ ఆసుపత్రిలో, ఏ జబ్బుకి చెల్లుతుందో బయల్దేరకముందే 104కి ఫోన్ చేసి కనుక్కోండి. మన సర్వజన ఆసుపత్రిలో ఆరోగ్యమిత్రని అడిగినా చెప్తారు.

భాష దగ్గర మాత్రం కాస్త నిలబడతాను. మా పెద్దమ్మని ఒక పరీక్షల కేంద్రంలో 'నాళైక్కు వాంగ' అన్నారు. రేపు రమ్మని. ఆమె నాలుక్కి రమ్మన్నారనుకుని, అన్నం కూడా తినకుండా సాయంత్రం దాకా ఆ బెంచీ మీదే కూర్చుంది. షుగరు మనిషి. అది తల్చుకుంటే నాకు ఇప్పటికీ బాధే. అందుకే ఈ మాటలు నేర్చుకోండి. నాళైక్కు అంటే రేపు. వలి అంటే నొప్పి, నెంజు వలి అంటే గుండెల్లో నొప్పి. కాయ్‌చల్ జ్వరం. మయక్కం అంటే కళ్ళు తిరగడం, మన మైకం లాంటిదే. వాంది వాంతి. మాత్తిరై అంటే మాత్ర. ఎవరైనా తేదీ చెప్తే, 'ఇందులో రాయండి' అని పెన్ను చేతికివ్వండి. అంకెలు అందరికీ ఒకటే.

చివరిగా, కవరు పైన పెట్టే తెల్ల కాయితం. ఇదిగో రాస్తుండా. పేరు, వయసు, ఫోన్ నంబరు. జబ్బు ఎప్పుడు మొదలైంది. ఇప్పుడు వేసుకునే మందులు, పేరుతో పాటు ఎన్ని మిల్లీగ్రాములో, ఏ పూటో. 'తెల్లమాత్ర, పొడుగుమాత్ర' అంటే డాక్టరుకి తెలీదు, అట్ట చూసి ఒక్కో అక్షరం దించండి. పడని మందు ఏదైనా ఉంటే ఎర్ర సిరాతో. ఇంతకుముందు జరిగిన ఆపరేషన్లు, ఏ ఏడాదిలో. చదువు రానివాళ్ళు ఇంట్లో పిల్లల చేత రాయించండి, ఇంగ్లీషులో రాయిస్తే ఇంకా మంచిది.

కాయితాన్ని కెమెరాకి దగ్గరగా పెడుతుండా. పది సెకన్లు కదిలించను, స్క్రీన్‌షాట్ తీసుకోండి.