పిల్లి పక్క మార్చిందంటే...

ప్రయోక్త: నమస్కారం. ఇంట్లో పెంచుకునే పిల్లుల గురించి మీ సందేహాలు తీర్చడానికి పశువైద్యులు స్టూడియోకి వచ్చారు. ఇవాళ్టి విషయం చూడ్డానికి చిన్నదే, పిల్లి ఎక్కడ పడుకుంటుందన్నది. డాక్టర్ గారూ, దీనికి కూడా డాక్టరు కావాలా అంటున్నారు కొందరు.

డాక్టర్: అననివ్వండి. రోజుకి 12 నుంచి 16 గంటలు నిద్రలోనే గడిపే ప్రాణి అది. నా దగ్గరికి పిల్లిని తెచ్చినవాళ్ళని తిండి గురించి ఎంత అడుగుతానో, పడక గురించీ అంతే అడుగుతాను. పిల్లి నొప్పిని బయటపెట్టదు. కుంటును కూడా వీలైనంత దాస్తుంది. పడుకునే చోటు మారితే మాత్రం ఇంట్లోవాళ్ళకి కనిపించి తీరుతుంది.

ప్రయోక్త: మొదటి ఫోన్ తీసుకుందాం. హలో...

శ్రోత: హలో... హలో, వినిపిస్తోందాండీ?

ప్రయోక్త: వినిపిస్తోందమ్మా. మీ రేడియో కాస్త తగ్గించండి, రెండు గొంతులు వస్తున్నాయి.

శ్రోత: ఆ... తగ్గించానండి. డాక్టర్ గారూ, మా పిల్లికి రెండేళ్ళు. దానికోసమని మెత్తటి పరుపు కొని హాల్లో ఓ మూల వేశాం. నాలుగు రోజులు పడుకుంది, అంతే. ఇప్పుడు ఆ పరుపు వచ్చిన అట్టపెట్టె ఉంది చూడండి, అందులో పడుకుంటోంది. లేదంటే ఫ్రిజ్ మీద. మావారు లాప్‌టాప్ తెరిచి పక్కకి తిరిగితే చాలు, దాని మీద. ఇంతా చేసి ఆ పరుపు వంక చూడదు!

డాక్టర్: (నవ్వుతూ) పరుపు మీకు నచ్చింది, పెట్టె దానికి నచ్చింది. ముందు వెచ్చదనం సంగతి చెప్తాను. ఒంట్లో వేడి కోసం శ్రమపడకుండా, ఉన్న వేడిని వదిలించుకోనక్కర్లేకుండా పిల్లికి హాయిగా ఉండేది 30 నుంచి 38 డిగ్రీల మధ్య. అంటే మనకి ఉక్కపోత మొదలయ్యే చోట దానికి సుఖం మొదలవుతుందన్నమాట. ‘పొయ్యిలో పిల్లి లేవలేదు’ అంటాం కదా, ఇంట్లో వంట కాలేదని చెప్పడానికి. ఆ మాట పుట్టించినవాడెవడో గానీ పిల్లిని బాగా చూసినవాడు. మంట ఆరినా బూడిదలో వెచ్చదనం చాలాసేపు నిలుస్తుంది. ఇప్పుడు బూడిద లేదు కాబట్టి లాప్‌టాప్, ఫ్రిజ్ మీది భాగం, వైఫై పెట్టె. అందులో వింతేమీ లేదు.

శ్రోత: మరి అట్టపెట్టె వెచ్చగా ఏముంటుందండీ?

డాక్టర్: అట్ట కూడా ఒంటి వేడిని బయటికి పోనివ్వదు. అయినా అసలు కారణం గోడలు. పిల్లి వేటాడుతుందని మనకి తెలుసు, అది ఇంకోదానికి వేట కూడా అవుతుందని మరిచిపోతాం. మూడు పక్కలా అడ్డు ఉండి, ఒక్క దారి మీదే కన్నేసి ఉంచితే చాలనుకుంటే నిద్ర పడుతుంది. నెదర్లాండ్స్‌లో ఉట్రెక్ట్ విశ్వవిద్యాలయం వాళ్ళు 2014లో ఓ పరిశోధన ప్రచురించారు. సంరక్షణ కేంద్రానికి కొత్తగా వచ్చిన 19 పిల్లుల్లో కొన్నిటికి దాక్కునే పెట్టెలిచ్చారు, మిగతావాటికి ఇవ్వలేదు. పెట్టె దొరికినవి బెదురు పోగొట్టుకుని తొందరగా కుదుటపడ్డాయి. సరే, ఆ పరుపు నాలుగు రోజుల తర్వాత ఎందుకు మానేసింది? ఉతికారా?

శ్రోత: ఉతికానండి. బొచ్చు పట్టేసిందని.

డాక్టర్: అదీ సంగతి. బుగ్గలు రుద్ది, ఒళ్ళు రుద్ది తన వాసన అంటించుకుంది. మీరు సబ్బు వాసనతో తిరిగి వేశారు. దాని లెక్కలో అది ఎవరిదో పరుపు. మీరు కట్టి విడిచిన చీర గానీ, వేసుకున్న చొక్కా గానీ ఉతక్కుండా ఆ పరుపు మీద పరిచి, పరుపుని ఫ్రిజ్ పక్కకి జరపండి. అట్టపెట్టె పారేయొద్దు. ఇక ముందు ఉతికితే ఒకటి ఉతికి, ఒకటి అలాగే ఉంచండి.

ప్రయోక్త: మరో శ్రోత లైన్లో ఉన్నారు. చెప్పండి.

శ్రోత: నమస్కారం డాక్టరు గారూ. నమస్కారం తల్లీ. మా పిల్లికి 13 ఏళ్ళు నిండాయి. చిన్నప్పట్నుంచీ దాని మకాం బీరువా మీదే. పిలిచినా దిగేది కాదు, మహారాణిలా మమ్మల్ని చూస్తుండేది. ఓ రెండు నెలలుగా గుమ్మం దగ్గర కాళ్ళు తుడుచుకునే పట్టా మీద పడుకుంటోంది. వయసు మీద పడి అణకువ వచ్చిందిలే అనుకున్నాం. మా మనవరాలే, అడుగు తాతా అడుగు తాతా అని పోరింది.

డాక్టర్: మీ మనవరాలు గట్టిదండీ. సోఫా ఎక్కుతోందా?

శ్రోత: ఎక్కుతుంది. మునుపు ఒక్క గెంతు. ఇప్పుడు ముందుకాళ్ళు ఆనించి, పైకి పాకుతుంది.

డాక్టర్: దిగేటప్పుడో?

శ్రోత: అంచున కూర్చుని కిందికి చూస్తూ ఉంటుంది కాసేపు. నేనూ మెట్ల దగ్గర అంతే లెండి.

డాక్టర్: నడుం మీద, తోక మొదట్లో బొచ్చు ఎలా ఉంది?

శ్రోత: ఉండలు కట్టింది. దువ్వబోతే కసిరింది. ఎన్నడూ కసిరే పిల్లి కాదు.

డాక్టర్: నాక్కోవడానికి నడుం వంగట్లేదు. పెద్దవారు, తప్పుగా అనుకోకండి, అది అణకువ కాదు. చూడకుండా ఖాయంగా చెప్పలేను గానీ, కీళ్ళ నొప్పులనే నా అనుమానం. 12 ఏళ్ళు దాటిన 100 పిల్లుల ఎక్స్-రేలు పరిశీలించి అమెరికాలో 2002లో ఓ పరిశోధన వచ్చింది. 90 పిల్లుల్లో కీళ్ళ అరుగుదల కనిపించింది. వాటిలో ఎన్నో ఇళ్ళల్లో, ముసలిదైంది, కదలట్లేదు అని సరిపెట్టుకునే ఉంటారు.

శ్రోత: అయ్యో, బీరువా కేసి చూస్తూ కూర్చుంటుందండీ అప్పుడప్పుడు... మరి నాకూ మోకాళ్ళ నొప్పులే. నేను వేసుకునే పారాసెటమాల్ చిన్న ముక్క విరిచి పెరుగులో...

డాక్టర్: వద్దు! పెట్టారా?

శ్రోత: లేదు లేదు. అడిగి పెడదామనే.

డాక్టర్: బతికించారు. వినేవాళ్ళందరూ ఇది రాసుకోండి. పారాసెటమాల్‌ని విరిచి విడగొట్టే శక్తి పిల్లి కాలేయానికి సరిగా లేదు. సగం మాత్ర కూడా ప్రాణం తీయగలదు. మనుషుల నొప్పి మాత్రలు ఏవీ వద్దు. పిల్లులకి వేరే మందులున్నాయి, రక్తపరీక్ష చేసి, మూత్రపిండాల పనితీరు చూసి ఇస్తారు. మీరు ఇంట్లో చేయగలిగింది ఇంకోటుంది. బీరువా పక్కన ఓ ఎత్తుపీట, ఆ పైన ఓ బల్ల, జారకుండా వాటి మీద గోనెగుడ్డ. మూడు అంచెల్లో ఎక్కగలిగితే మహారాణి మళ్ళీ సింహాసనం ఎక్కొచ్చు. లిట్టర్ ట్రే, అదే మలమూత్రాలకి దానికి ఇసుక పోసి పెట్టే పళ్ళెం, అంచు ఎత్తుగా ఉంటే ఒక పక్క కోసి తగ్గించండి. ఆ పట్టా మీద కూడా మందంగా ఓ దుప్పటి మడతపెట్టి వేయండి.

శ్రోత: పీట ఇవాళే వేయిస్తాను. సంతోషం బాబూ.

ప్రయోక్త: ఈసారి చిన్న గొంతు వినిపిస్తోంది. చెప్పు నాన్నా.

శ్రోత: డాక్టర్ అంకుల్, మా పిల్లి వాషింగ్ మెషీన్‌లో పడుకుంటుంది.

డాక్టర్: ముందువైపు తలుపుండేదేనా? బట్టలు తీశాక వెచ్చగా, చీకటిగా ఉంటుంది, దానికి గుహలాంటిదే. నీకో ఉద్యోగం ఇస్తున్నా. ఆ తలుపు ఎప్పుడూ మూసి ఉంచాలి, అమ్మ మీట నొక్కబోయే ముందు లోపల చెయ్యి పెట్టి చూసేది నువ్వే. చేస్తావా?

శ్రోత: చేస్తా!

డాక్టర్: పెద్దవాళ్ళకి ఇంకోటి. ఆపిన కారు ఇంజను కూడా వెచ్చగానే ఉంటుంది. చలికాలం పొద్దున్నే బండి తీసేటప్పుడు బానెట్ మీద నాలుగు దెబ్బలు కొట్టండి.

ప్రయోక్త: తర్వాతి ఫోన్. హలో?

శ్రోత: మేడం, మా పిల్లి నిన్న రాత్రి నుంచి లిట్టర్ ట్రేలోనే పడుకుంటోంది. ఎత్తి బయట పెడితే మళ్ళీ అందులోకే పోతోంది. ఇది అలవాటవుతుందేమోనని...

డాక్టర్: ఒక్క నిమిషం అమ్మా. మగపిల్లా, ఆడపిల్లా?

శ్రోత: మగదే. నాలుగేళ్ళు.

డాక్టర్: మూత్రం పోస్తోందా?

శ్రోత: కూర్చుంటుందండీ చాలాసార్లు. ఇసుక మాత్రం... పొడిగానే ఉంది. ఆ, పొడిగానే ఉంది. అరుస్తోంది కూడా. పొద్దున్నుంచి ఏమీ తినలేదు.

డాక్టర్: అమ్మా, మీరు ఫోన్ పెట్టేసి ఆసుపత్రికి బయల్దేరండి. సాయంత్రం కాదు, ఇప్పుడే. మగపిల్లికి మూత్రనాళం సన్నం, అడ్డం పడితే విషపదార్థాలు ఒంట్లోనే నిలిచిపోయి ఒకటి రెండు రోజుల్లో ప్రాణం మీదికి వస్తుంది. పొట్ట నొక్కి చూడకండి. ఇంటి మందులేవీ వేయకండి.

శ్రోత: సరే... సరేనండి. (ఫోన్ పెట్టేసిన శబ్దం)

ప్రయోక్త: ... వెళ్ళిపోయారు. డాక్టర్ గారూ, ఆవిడ అలవాటు గురించి అడగబోయారు పాపం.

డాక్టర్: చాలామంది అలాగే అడుగుతారు. మీరు గమనించారా, మొదటావిడ పిల్లి మూడు చోట్ల పడుకుంటోంది, నేను నవ్వాను. వెచ్చదనం కోసమో, సరదాకో ఇటూ అటూ మారుతుంటే దిగుల్లేదు. మా ఇంట్లోది వేసవంతా వాష్‌బేసిన్‌లోనే, నేను వంటింటి కుళాయి దగ్గర పళ్ళు తోముకుంటాను. ఏళ్ళ తరబడి ఇష్టపడ్డ చోటు వదిలేస్తే, లేదా మంచం కిందికి దూరి పిలిచినా రాకపోతే అది వేరు. తినకుండా ఒక రోజు దాటనివ్వకండి.

ప్రయోక్త: సందేశాలు చూద్దాం. ‘పాప పుట్టింది, పిల్లి ఉయ్యాల్లో దూరుతోంది. అసూయా?’ అని.

డాక్టర్: అసూయ కాదు, అక్కడ మెత్తగా, వెచ్చగా ఉంది. అయినా రానివ్వొద్దు. పసిబిడ్డ మొహానికి అడ్డంగా పడుకుంటే పాప తల తిప్పుకోలేదు. పాప నిద్రపోయే గది తలుపు వేసి ఉంచండి. పిల్లికి ఆ గది బయటే ఎత్తులో ఓ చోటు చూపించండి.

ప్రయోక్త: ఇంకోటి... ఇది ఇందాకటి ఆవిడ నంబరే. ‘దారిలో ఉన్నాం. బుట్టలో లిట్టర్ ట్రే పట్టలేదు, తువ్వాలు వేసి పడుకోబెట్టాం’ అని పెట్టారు.

డాక్టర్: ట్రే అక్కర్లేదు. ఆసుపత్రికి ముందే ఫోన్ చేసి, మగపిల్లి, రాత్రి నుంచి మూత్రం రావట్లేదు అని చెప్పమనండి. వాళ్ళు వరసలో నిలబెట్టరు.

ప్రయోక్త: పంపిస్తున్నాను... చేరింది. చూశారు.