వాయిదాకు రాలేదని దావా కొట్టేస్తే

నమస్కారం. పత్రాలన్నీ సక్రమంగా ఉన్నా కేసు పోయిందని బాధపడే కక్షిదారులలో కొందరి విషయంలో న్యాయమూర్తి ఆ పత్రాలను పరిశీలించే సందర్భమే రాలేదు. కేసు పిలిచినప్పుడు వాది గానీ ఆయన న్యాయవాది గానీ కోర్టు హాలులో లేకపోవడంతో దావా డిఫాల్ట్ కింద డిస్మిస్ అయింది.

సివిల్ దావాలలో ఈ కొట్టివేతకు ఆధారం 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని 9వ ఆర్డరు (ఇక్కడ ఆర్డరు అంటే కోర్టు ఉత్తర్వు కాదు, కోడ్‌లోని ఒక అధ్యాయం వంటిది). వాయిదా నాడు ఉభయపక్షాలూ రాకపోతే 3వ రూలు కింద దావాను కొట్టివేయవచ్చు; అప్పుడు వాది పాత దావాను పునరుద్ధరించమని కోరవచ్చు, కాలపరిమితి మిగిలి ఉంటే కొత్త దావా అయినా వేసుకోవచ్చు. ప్రతివాది హాజరై వాది మాత్రమే రాకపోతే వర్తించేది 8వ రూలు. ప్రతివాది ఒప్పుకున్న మేరకు డిక్రీ ఇచ్చి మిగిలినది కొట్టివేస్తారు, ఆ తరువాత అదే వ్యాజ్య కారణం (దావాకు మూలమైన విషయం) మీద మరో దావా వేయకుండా 9వ రూలు అడ్డుపడుతుంది. అంటే ఆ ఉదయం ఎదుటి పక్షం హాజరు పలికిందా లేదా అన్నదానిని బట్టి వాది హక్కు మారిపోతుంది. పైగా ప్రోనోటు బాకీకి గడువు సాధారణంగా 3 ఏళ్లే కాబట్టి, కొన్నేళ్లు నడిచిన దావా కొట్టివేతకు గురయ్యేనాటికి కొత్త దావా అనే వెసులుబాటు చాలామందికి కాగితం మీదే మిగులుతుంది.

అందువల్ల పునరుద్ధరణ పిటిషనే ముఖ్యం. గడువులను నిర్ణయించే లిమిటేషన్ చట్టం 122వ అధికరణం ప్రకారం దానికి గడువు 30 రోజులు. ఆ రోజులను కొట్టివేసిన తేదీ నుంచే లెక్కిస్తారు తప్ప మీకు తెలిసిన తేదీ నుంచి కాదు. గడువు దాటితే అదే చట్టం 5వ సెక్షన్ కింద జాప్యాన్ని మన్నించమని విడిగా కోరాలి. రాలేకపోవడానికి తగిన కారణం ఏమిటో అఫిడవిట్‌లో తేదీలతో సహా చెప్పాలి. ఆసుపత్రిలో ఉంటే ఆ చీటీలు జతపరచాలి. "అనారోగ్యం వల్ల" అన్న ఒక్క మాటతో సరిపెట్టే అఫిడవిట్లే ఎక్కువ నష్టం చేస్తాయని నా అభిప్రాయం.

మరి తప్పు న్యాయవాదిదైతే? 1981లో అలహాబాద్ హైకోర్టు నుంచి వచ్చిన ఒక కేసులో, వకీలు గైర్హాజరీకి అమాయకుడైన కక్షిదారు నష్టపోకూడదని సుప్రీంకోర్టు అన్నది. ఫీజు చెల్లించి, నమ్మి ఊరికి వెళ్లిన మనిషికి ఈ తీర్పు గొప్ప అండ. అయితే ఏళ్ల తరబడి తన కేసు సంగతి అడగనైనా అడగని వారికి ఇది ప్రతిసారీ రక్షణ కాదని తరువాతి తీర్పులు చెప్పాయి. కనుక మీ కేసు సీఎన్‌ఆర్ నంబరు (ప్రతి కేసుకూ విడిగా ఇచ్చే గుర్తింపు సంఖ్య) వకీలు దగ్గర అడిగి తీసుకోండి. ఈ-కోర్ట్స్ యాప్‌లో ఆ 16 అంకెలు, అక్షరాలు కొడితే తదుపరి వాయిదా తేదీ కనిపిస్తుంది.

9వ ఆర్డరు 9వ రూలు కింద వేసిన పునరుద్ధరణ పిటిషన్‌ను కూడా కోర్టు తోసిపుచ్చితే, 43వ ఆర్డరు 1వ రూలు కింద ఆ ఉత్తర్వుపై అప్పీలు చేసుకునే హక్కు ఉంది.