చేతి ఎముక విరిగితే ఏ కోడ్ వేయాలి?

[తెరపై: కుడి చేతి ఎక్స్‌రే. మణికట్టు నుంచి వేళ్ల కొసల దాకా ఎముకలు ఒక్కొక్కటిగా రంగు మారుతాయి.]

నమస్కారం. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో బీఎస్సీ, బీఫార్మసీ, ఫిజియోథెరపీ చదివి, మెడికల్ కోడింగ్ (వైద్యుడు రాసిన రోగాలను, గాయాలను కోడ్లుగా మార్చే పని) ఉద్యోగాల కోసం విశాఖకో హైదరాబాదుకో వెళ్లాలనుకునేవారి కోసం ఈ వీడియో. ఇందులో చెప్పే కోడ్లు అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి బీమా క్లెయింలకు వాడుతున్న ఐసీడీ-10-సీఎం అనే రోగాల, గాయాల కోడ్ల పట్టికలోనివి. ఉదాహరణను మాత్రం మన ఉద్దానం నుంచే తీసుకుందాం.

పలాస దగ్గర జీడితోటలో ఒకాయన చెట్టెక్కాడనీ, కొమ్మ విరిగి పడుతూ కుడి అరచేతిని నేలకు ఆనించాడనీ అనుకుందాం. బొటనవేలిని పైకి సాచినప్పుడు దాని మొదట్లో ఒక చిన్న గుంట కనిపిస్తుంది. అక్కడ వేలు పెట్టి నొక్కగానే ఆయన చెయ్యి వెనక్కి లాక్కున్నాడు. ఆ గుంట అడుగున ఉండే మణికట్టు ఎముక స్కాఫాయిడ్.

[తెరపై: ఎస్62 అన్న అక్షరాలు. పక్కన మూడు రంగుల్లో చేతి బొమ్మ.]

మణికట్టు నుంచి వేళ్ల కొసల దాకా చేతిలో ఉన్న 27 ఎముకలూ ఎస్62 కిందికే వస్తాయి. నాలుగో స్థానంలో 0 ఉంటే స్కాఫాయిడ్, 1 ఉంటే మణికట్టులోని మిగతా ఏడు ఎముకలు, 2 ఉంటే బొటనవేలి మెటాకార్పల్ (వేలి మొదలుకూ మణికట్టుకూ మధ్య ఉండే అరచేతి ఎముక), 3 ఉంటే మిగతా మెటాకార్పల్స్, 5 ఉంటే బొటనవేలు, 6 ఉంటే మిగిలిన వేళ్లు. ఈ పట్టికకు మూలమైన ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10లో 4, 7 అంకెలను ఒకటికి మించి విరిగిన ఎముకలకు కేటాయించారు. అమెరికా పద్ధతిలో అవి లేవు. విరిగిన ప్రతి ఎముకకూ విడిగా కోడ్ వేయాలి.

ఇక్కడొక జాగ్రత్త అవసరం. మణికట్టు విరిగిందని జనం చెప్పేటప్పుడు చాలాసార్లు విరిగేది ముంజేతిలోని రేడియస్ ఎముక కింది కొస. అది ఎస్52లోకి వెళ్తుంది. అందుకే రోగి మాటను కాక వైద్యుడు రాసిన ఎముక పేరునే చూడాలి.

మన ఉదాహరణలో వైద్యుడు స్కాఫాయిడ్ నడిమి భాగం విరిగిందనీ, ముక్కలు స్థానం తప్పలేదనీ, చర్మం చీలలేదనీ రాశాడు. అప్పుడు కోడ్ ఎస్62.024ఏ. చెట్టు మీంచి పడినందుకు డబ్ల్యూ14.ఎక్స్‌ఎక్స్‌ఎక్స్‌ఏ కూడా జతచేయవచ్చు. స్థానం తప్పిందో లేదో వైద్యుడు రాయకపోతే తప్పినట్టుగా, చర్మం సంగతి రాయకపోతే చీలనట్టుగా తీసుకోవాలని మార్గదర్శకాలు చెబుతాయి. ఈ రెండు నియమాలూ ఒకే దిశలో నడవవు కాబట్టే కొత్తవారు తడబడతారు.

స్కాఫాయిడ్ విరుపు తొలి ఎక్స్‌రేలో ఒక్కోసారి కనిపించదు. ఓపీలో చూసిన వైద్యుడు ‘విరుపు ఉండవచ్చు’ అని మాత్రమే రాస్తే విరుపు కోడ్ వేయకూడదు. కుడి మణికట్టు నొప్పికి ఉన్న ఎమ్25.531 వంటి లక్షణపు కోడ్‌తోనే ఆగాలి.

[తెరపై: అరచేయి. బొటనవేలి నుంచి చిటికెన వేలి దాకా 1, 2, 3, 4, 5 అంకెలు.]

మెటాకార్పల్స్‌ను బొటనవేలి వైపు నుంచి లెక్కిస్తారు. అంటే చూపుడు వేలిది రెండోది, చిటికెన వేలిది ఐదోది. కోపంతో గోడను గుద్దినవారికి ఎక్కువగా ఈ ఐదో మెటాకార్పల్ మెడ (వేలి వైపు కొసకు కాస్త కింద ఉండే సన్నటి భాగం) దగ్గరే విరుగుతుంది. కుడి చేతిలో విరిగి స్థానం తప్పితే ఎస్62.336, ఎడమ చేతిలో అయితే ఎస్62.337.

ఇక కోడ్ చివర వచ్చే ఏడో అక్షరం. నా దృష్టిలో అసలు పరీక్ష ఇక్కడే ఉంది. ‘ఏ’ అంటే మొదటిసారి రావడమని చాలామంది అనుకుంటారు; కానీ అది చికిత్స ఇంకా చురుగ్గా సాగుతోందని తెలుపుతుంది. బెణికిందనుకుని ఇంట్లో కాపడం పెట్టుకుంటూ నెల గడిపి ఆసుపత్రికి వచ్చినా, మరునాడు వేరే సర్జన్ శస్త్రచికిత్స చేసినా ‘ఏ’ వేయాలి. చర్మం చీలిన విరుపుకు ‘బీ’. ముంజేతి ఎముకల్లో చీలిక తీవ్రతను బట్టి వచ్చే ‘సీ’ చేతి ఎముకలకు వర్తించదు.

స్కాఫాయిడ్‌కు రక్తం ప్రధానంగా వేళ్ల వైపు కొస నుంచి ప్రవేశించి వెనక్కి ప్రవహిస్తుంది. నడుమ విరిగితే ముంజేతి వైపు ముక్కకు సరఫరా తగ్గి, ఎముక అతకకుండా మిగిలిపోవచ్చు. మన జీడితోట మనిషికి ముందు కట్టు కట్టినా ఎముక అతకలేదని నిర్ధారించి, దానికి శస్త్రచికిత్స చేశారనుకుంటే, అక్కడ ‘ఏ’ కాదు, ‘కే’: ఎస్62.024కే. ఆలస్యంగా అతుకుతుంటే ‘జీ’, వంకరగా అతికితే ‘పీ’, గాయం మానాక మిగిలిన ఇబ్బందికి ‘ఎస్’.

అన్నీ సవ్యంగా సాగి, పిండికట్టు విప్పించుకోవడానికి వచ్చినప్పుడు తర్వాతి సంరక్షణకు ఉన్న జెడ్ కోడ్లను వెతకనక్కరలేదు. దెబ్బ తగిలి విరిగిన ఎముకకు అవి వర్తించవు. అదే విరుపు కోడ్ చివర ‘డీ’ పెట్టి ఎస్62.024డీ అని రాయాలి.