కల్గాకస్ ప్రసంగం, ఉసిపీల పడవలు

అందరికీ నమస్కారం. ఇంత ఎండలో పడి వచ్చినందుకు ముందుగా మీకు దండం పెట్టాలి.

ఒక మాటతో మొదలుపెడతాను. మీలో చాలామంది విన్నదే. "దోచుకోవడం, నరకడం, లాక్కోవడం, వీటికి దొంగపేరు పెట్టి సామ్రాజ్యం అంటారు. ఊళ్లన్నీ పాడుపెట్టి, అదే శాంతి అంటారు." క్రీ.శ. 83లోనో 84లోనో, ఇప్పటి స్కాట్లండ్ ఉత్తర భాగంలో, మోన్స్ గ్రౌపియస్ అనే కొండ దగ్గర, రోమన్ సైన్యం ఎదురుగా ఉండగా కల్గాకస్ అనే నాయకుడు తనవాళ్లతో అన్నాడట.

"అట" అని ఊరికే అనలేదు. ఆ కొండ ఏదో ఇప్పటికీ తేలలేదు. కల్గాకస్ పేరు ఈ ప్రసంగం ఉన్న ఒక్క పుస్తకంలో తప్ప ఇంకెక్కడా కనిపించదు. ఆ ప్రసంగం రాసింది టాసిటస్. రోమ్ సెనేటరు, 97లో కాన్సల్ అనే పెద్ద పదవి చేసినవాడు. ఆ రోజు అవతలి వైపు సైన్యాన్ని నడిపిన అగ్రికోలా ఆయనకి పిల్లనిచ్చిన మామ. 93లో మామ పోయాడు. 98లో అల్లుడు ఆయన జీవితచరిత్ర రాశాడు. రాస్తూ రాస్తూ, మామగారి శత్రువు నోట రోముని ఇలా ఉతికించాడు.

ఆ రోజుల్లో చరిత్ర రాసే పద్ధతే అది. యుద్ధానికి ముందు అటొక ప్రసంగం, ఇటొక ప్రసంగం ఉండాలి. కృష్ణరాయబారం చూసిన మనకి ఇదేం కొత్త కాదు. ఆ పద్యాలు కృష్ణుడు పాడలేదని తెలిసీ వన్స్‌మోర్ కొడతాం కదా!

కుర్రతనంలో ఈ ప్రసంగం నాకు కంఠతా వచ్చు. రోముకి ఉత్తరాన ఉన్న బ్రిటన్, జర్మన్ జాతుల గొంతు, అంటే ఉత్తరాదివాళ్ల గొంతు ఇదే అనుకునేవాణ్ణి. ఇప్పుడు అలా అనుకోవడం లేదు. అందులో ఉన్నదంతా రోమన్ల గొడవే. 81 నుంచి 96 దాకా డొమిషియన్ చక్రవర్తి ఏలిన పదిహేనేళ్లూ సెనేటర్లు నోరు కుట్టేసుకుని బతికారు. ఆ చక్రవర్తి పోయాక టాసిటస్‌కి ఊపిరి ఆడింది. తన నోటితో అనలేని స్వేచ్ఛ గురించిన మాటలు కొండమీది కల్గాకస్‌తో అనిపించాడు. బ్రిటన్ వేషం, లాటిన్ గుండె.

అదే పుస్తకంలో ఇంకోచోట, బ్రిటన్ పెద్దల పిల్లలకి మామ చదువులు చెప్పించాడనీ, వాళ్లు రోమన్ల టోగా బట్ట కట్టడం నేర్చారనీ, స్నానశాలలూ విందులూ మరిగారనీ రాసి, "తెలియనివాళ్లు దీన్ని నాగరికత అనుకున్నారు, అది బానిసత్వంలో ఓ భాగం" అంటాడు. పొగుడుతున్నాడా, తిడుతున్నాడా? నాకైతే రెండూ ఒకే నోటితో చేస్తున్నట్టు అనిపిస్తుంది.

మరి అసలు ఉత్తరాదివాళ్లు ఈ పుస్తకాల్లో లేరా? ఉన్నారు. పెద్ద ప్రసంగాల్లో మాత్రం కాదు. రచయిత ఏమరుపాటుగా వదిలేసిన చిన్నచిన్న చోట్ల ఉన్నారు.

టాసిటస్ కంటే ముందువాడు జూలియస్ సీజర్. క్రీ.పూ. 55లో పది రోజుల్లో రైన్ నది మీద వంతెన కట్టించి, దాటి, అవతల జర్మన్ తెగల నేల మీద పద్దెనిమిది రోజులుండి, వెనక్కి వచ్చి వంతెన కూలగొట్టించాడు. అక్కడి అడవుల్లో దుప్పిలాంటి పెద్ద జంతువు ఉందని, దాని కాళ్లకి కీళ్లుండవని, అందుకే చెట్టుకి ఆనుకుని నిద్రపోతుందని, వేటగాళ్లు ముందే ఆ చెట్టు మొదలు సగం కోసి పెడతారని ఆయన పుస్తకంలో ఉంది. అంతకంటే చెప్పక్కర్లేదు.

జర్మన్ తెగల గురించి టాసిటస్ రాసిన 'గెర్మానియా' అనే పుస్తకం దీనికంటే చాలా మెరుగు. 98లోనే రాశాడు. అందులో ఒక వాక్యం చూడండి: సింబ్రీ అనే ఉత్తరాది తెగ రోము మీద కత్తి దూసిన నాటి నుంచి లెక్కపెడితే సుమారు 210 ఏళ్లు, "ఇంతకాలంగా గెర్మానియాని జయిస్తూనే ఉన్నాం" అంటాడు. డొమిషియన్ అప్పటికే "గెర్మానియా చేజిక్కింది" అని నాణేలు కొట్టించి ఉన్నాడు. ఆ నాణెం జేబులో పెట్టుకుని ఈ వాక్యం చదివిన రోమన్ మొహం ఎలా ఉండి ఉంటుందో ఊహించుకోండి.

అదే పుస్తకంలో, జర్మన్ నాయకులకి కానుకగా వెండి పాత్రలిస్తే వాళ్లు వాటిని మట్టి ముంతల్లాగే చూస్తారని రాశాడు. ఆశ లేని అమాయకులని చెప్పడం, రోమ్ పెద్దలకి చురక వేయడం. ఇప్పుడు డెన్మార్క్‌లోని హోబీ అనే చోటుకి రండి. 1920లో అక్కడ ఒక నాయకుడి సమాధి బయటపడింది. శవం పక్కన రెండు వెండి గిన్నెలున్నాయి. ఒకదాని మీద గ్రీకుల ట్రాయ్ యుద్ధం కథలోది, కొడుకు శవాన్ని అడుక్కోవడానికి వచ్చిన ముసలి ప్రియామ్ రాజు మోకరిల్లి అకిలీస్ చెయ్యి ముద్దుపెట్టుకునే బొమ్మ చెక్కి ఉంది. గిన్నెల అడుగున సిలియస్ అనే రోమన్ పేరు గీసి ఉంది. మట్టి ముంతలాంటిదైతే చచ్చాక కూడా వెంట తీసుకెళ్తాడా? ఆ గిన్నెని ఆయన ఎంత చూసుకుని మురిశాడో టాసిటస్‌కి తెలియదు.

నష్టం ఎక్కడ జరిగిందంటే, జర్మన్లు ఎవరితోనూ కలవని జాతి అని టాసిటస్ రాసిన ముక్క తర్వాతి కాలంలో చెడ్డ చేతుల్లో పడింది. 1943లో నాజీ నాయకుడు హిమ్లర్ మనుషులు ఈ పుస్తకం పాత రాతప్రతి కోసం ఇటలీలో ఒక జమీందారు కుటుంబం ఇళ్లన్నీ గాలించారు. దొరకలేదు. అదో పెద్ద కథ, ఇంకోసారి చెప్పుకుందాం.

మళ్లీ కొండ దగ్గరికి వద్దాం. కల్గాకస్ ప్రసంగం అయిపోయింది, యుద్ధం మొదలైంది. రోమన్ల తరఫున ముందు నిలబడింది ఎవరు? రోమన్ దళాలు కావు. వాటిని అగ్రికోలా వెనక శిబిరం దగ్గర ఉంచాడు. రోమన్ నెత్తురు చిందకుండా గెలిస్తే కీర్తి ఎక్కువని టాసిటసే రాశాడు. ముందుకి పంపింది రోము సైన్యంలో పనిచేసే బటావియన్లు, తుంగ్రియన్లు అనే ఉత్తరాది తెగలవాళ్లని. బటావియన్లు రైన్ సముద్రంలో కలిసే చోటివాళ్లు. వాళ్లు పన్ను కట్టరు, మనుషుల్నిస్తారు. "ఆయుధాల్లా యుద్ధానికని దాచి ఉంచినవాళ్లు" అంటాడు టాసిటస్. 69లో రోము మీద తిరగబడిందీ వాళ్లే. ఇప్పుడు డాళ్ల మధ్య బొడిపెతో బ్రిటన్లని గుద్ది, మొహాల్లో పొడుస్తూ కొండ ఎక్కుతున్నారు. బ్రిటన్ల కత్తులు పొడుగు, మొన లేదు, దగ్గరికొస్తే పనికిరావు. లెక్క కూడా ఇచ్చాడు: అటు పదివేలమంది, ఇటు 360 మంది. ఈ లెక్కని నేను పెద్దగా నమ్మను. కానీ చంపినవాళ్లూ చచ్చినవాళ్లూ ఇద్దరూ ఉత్తరాదివాళ్లేనన్నది నమ్ముతాను.

కల్గాకస్ ప్రసంగంలో ఒకచోట, "మొన్న ఉసిపీలు వదిలి పోయినట్టే మిగతా జర్మన్లూ రోముని వదిలి పోతారు" అని ఉంది. ఎవరీ ఉసిపీలు? కొన్ని పేజీల ముందు వాళ్ల కథ ఉంది. మొత్తం పుస్తకంలో నాకు అన్నిటికంటే నిజమనిపించేది అదే.

ఉసిపీలు రైన్ దగ్గరి తెగ. వాళ్లని సైన్యంలో చేర్చి బ్రిటన్‌కి పంపారు. కవాతు నేర్పడానికి రోమన్ సైనికుల్ని వాళ్ల మధ్య పెట్టారు. ఒకరోజు సెంచూరియన్‌నీ, అంటే తమ మీది రోమన్ అధికారినీ, ఆ సైనికుల్నీ చంపేసి మూడు ఓడలెక్కారు. చుక్కాని పట్టేవాళ్లని బలవంతంగా ఎక్కించుకున్నారు. వాళ్లలో ఇద్దరి మీద అనుమానం వచ్చి చంపేశారు. నీళ్ల కోసం, తిండి కోసం ఒడ్డుకి దిగిన చోటల్లా ఊరివాళ్లతో కొట్లాట. కొన్నిసార్లు గెలిచారు, కొన్నిసార్లు తన్నులు తిని ఓడెక్కారు. తిండి పూర్తిగా అయిపోయాక ముందు తమలో నీరసించినవాళ్లని తిన్నారు. తర్వాత చీట్లు వేసి, చీటీ ఎవరికొస్తే వాళ్లని తిన్నారు. అలా బ్రిటన్ చుట్టూ తిరిగి, ఓడ నడపడం రాక ఓడలు పోగొట్టుకుని అవతలి తీరాన తేలారు. అక్కడి సువేబీలు, ఫ్రిసీలు అనే తెగలవాళ్లు వీళ్లని సముద్రపు దొంగలనుకుని పట్టుకున్నారు. వాళ్లు కూడా ఉత్తరాదివాళ్లే, చూడండి.

కొందరిని బానిసలుగా అమ్మేశారు. కొన్నవాడు ఇంకొకడికి, వాడు మరొకడికి, అలా చేతులు మారి మారి కొందరు రైన్‌కి ఇవతలి ఒడ్డుకి, రోమన్ల దగ్గరికే చేరారు. అక్కడ కూర్చుని జరిగిందంతా చెప్పారు. చీట్ల సంగతి కూడా చెప్పారు. అలా ఆ కథ రోము దాకా వచ్చి టాసిటస్ చెవిన పడింది.

చెప్పినవాళ్లలో ఒక్కరి పేరూ ఆయన రాయలేదు.