పక్కింటాయన సంతకం

అందరికీ నమస్కారం. కర్నూల్లో నిలబడి ముంపు గురించి చెప్పడమంటే తాతకు దగ్గులు నేర్పినట్టే. కాబట్టి ఎక్కడో అట్లాంటిక్ సముద్రంలో ఉన్న న్యూఫౌండ్‌లాండ్ సంగతి ఎత్తుకుంటాను.

1949లో కెనడాలో కలిసిన దీవి అది. కాడ్ చేపల వేటే ఆధారంగా బతికే చిన్న పల్లెలు ఆ తీరమంతా వందల్లో ఉండేవి. చాలావాటికి రోడ్డు లేదు, పడవే దారి. ఇన్ని పల్లెలకు బడి, ఆస్పత్రి ఎక్కడ పెట్టగలమని ప్రభుత్వం 1954లో జనాన్ని పెద్ద ఊళ్లకు తరలించడం మొదలుపెట్టింది. 1975 నాటికి దాదాపు 300 పల్లెలు ఖాళీ అయ్యాయి, సుమారు 30 వేల మంది కదిలారు. కొందరు ఇళ్లకు పీపాలు కట్టి, నీళ్లమీద తేలించి, పడవలతో లాక్కుపోయారు. ఫొటోలు బాగుంటాయి కదా, అందరూ ఆ ముచ్చటే చెబుతారు. నన్ను పట్టుకున్నది మాత్రం ఓటు.

బలవంతమేమీ లేదు, మీరే తేల్చుకోండి అన్నారు. మొదట ఊరంతా ఒప్పుకోవాలనే షరతు. 1965లో కేంద్రం చేయి కలిపాక నూటికి 90 చాలన్నారు, తర్వాత 80కి దించారు. ఇంటికి 1000 డాలర్లు, తలకు మరో 200. ఇక చూడండి. నాకు డబ్బు రావాలంటే పక్కింటాయన సంతకం పెట్టాలి. ఆయన రానంటే నా కోపం సర్కారు మీదికి పోదు, ఆయన మీదికే పోతుంది. టీచరు వెళ్లిపోయాక, ఫాదరీ వెళ్లిపోయాక, మొండికేసినవాళ్లు మాత్రం ఎన్నాళ్లుంటారు? చేరిన చోట మంచి వేట తావులన్నీ అక్కడివాళ్లవి. అందుకే కొందరు వేసవి వస్తే మళ్లీ పాత రేవుకే పోయి వేటాడుకునేవాళ్లు.

మనకు ఆ ఓటు కూడా లేదు. 1981లో శ్రీశైలం నీళ్లు వచ్చాయి. కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో వంద దాకా ఊళ్లు మునిగాయి. మనవాళ్ల మధ్య చీలిక పెట్టింది పరిహారం. 1894 నాటి భూసేకరణ చట్టం పొలం మీద హక్కున్నవాణ్ణే చూసింది. అదే పొలంలో కలుపు తీసి బతికిన కూలీ దాని లెక్కలోకే రాలేదు. 1986లో 98వ నంబరు జీవో నిర్వాసిత కుటుంబానికో ఉద్యోగమంది. ఆ జీవో పట్టుకుని ఆఫీసుల చుట్టూ తిరిగినవాళ్లు ఈ హాల్లో ఉంటే, చర్చలో మొదటి మైకు వాళ్లకే ఇవ్వమని నిర్వాహకులను అడుగుతున్నాను.